ఎక్కడా లేని ఊరు

పిల్లలూ, ఈ నెల మనం ఒక ఊరు చూసి వద్దాం. దాని పేరు నిశ్చిందిపురం. అది బెంగాలు దేశపు పల్లెటూరు. అక్కడ వెదురు పొదలున్నాయి, నాచు పట్టిన చెరువున్నది, గోడలు బీటలు వారిన పాత ఇల్లున్నది. ఊరు దాటి పోతే తెల్లని రెల్లుపూల మైదానం, దాని చివర రైలుకట్ట కనబడతాయి. దేశదేశాల జనం ఈ ఊరు చూశారు. కాని మీరు స్టేషనుకు పోయి, "నిశ్చిందిపురానికి టిక్కెట్టు ఇవ్వండి," అంటే గుమాస్తా మీ ముఖం వంక చూసి నవ్వుతాడు. ఎందుకంటే అది కథలోని ఊరే గాని, నేల మీద ఉన్న ఊరు కాదు.

నేల మీద లేని ఊరిని అంతమంది ఎలా చూడగలిగారు? సినిమాలో చూశారు. "సినిమా అంటే అట్టముక్కలతో కట్టిన ఊరే కదా!" అని మీలో కొందరు అనుకోవచ్చు. ఈ ఊరి సంగతి అలా కాదు. దీనిని ఎక్కడెక్కడి ముక్కలు తెచ్చి ఎలా అతికారో తెలిస్తే మీకు ఆశ్చర్యం కలుగుతుంది.

మొదట కథ సంగతి చెబుతాను. బిభూతిభూషణ్ బందోపాధ్యాయ అనే బెంగాలీ రచయిత ఒక నవల రాశారు. అది 1929లో పుస్తకంగా వచ్చింది. పేరు "పథేర్ పాంచాలి". పాంచాలి అనగానే మీకు ద్రౌపది గుర్తు రావచ్చు. ఇక్కడ ఆ అర్థం కాదు. కథను పాటగా చెప్పే ఒక పద్ధతిని బెంగాలులో పాంచాలి అంటారు. "పథేర్ పాంచాలి" అంటే దారిని గురించిన పాట అన్నమాట. దీనిని మద్దిపట్ల సూరి గారు తెలుగు చేశారు.

కథ పెద్ద విచిత్రమైనదేమీ కాదు. హరిహరుడనే పేద పురోహితుడు, ఆయన భార్య సర్వజయ, కూతురు దుర్గ, కొడుకు అపు, పండు ముసలి అయిన ఇందిర్ అత్త—వీళ్ళందరూ ఒక పాడుపడిన ఇంట్లో కాపురం ఉంటారు. అక్కా తమ్ముళ్ళు తోటల వెంట తిరుగుతారు, మిఠాయి అమ్మేవాడి వెంట పోతారు, రైలు ఎలా ఉంటుందో చూడాలని తపించిపోతారు. 20వ శతాబ్దపు తొలి సంవత్సరాల నాటి బెంగాలు పల్లె అది.

ఈ నవలను పిల్లల కోసం కుదించి అచ్చు వేసినప్పుడు దానికి బొమ్మలు వేసినది సత్యజిత్ రాయ్ గారు. అప్పుడాయన కలకత్తాలో ఒక ప్రకటనల కంపెనీలో చిత్రకారుడు. బొమ్మ వేసేవాడు కథను ఊరికే చదివితే చాలదు. దుర్గ ఏ చెట్టు కింద నిలబడింది, ఇంటి వాకిలి ఎటు తిరిగి ఉన్నది, అపు ఏ కిటికీలోంచి తొంగి చూశాడు అని ఆలోచించుకోవాలి. అలా ఆలోచించి ఆలోచించి, రాయ్ గారికి ఆ కథను సినిమాగా తియ్యాలనే కోరిక పుట్టింది. 1950లో ఆయన లండను వెళ్ళినప్పుడు "బైసికిల్ తీవ్స్" అనే ఇటలీ సినిమా చూశారు. దానిని రోము నగరపు వీధుల్లోనే, మామూలు మనుషులతో తీశారు. తన సినిమా కూడా స్టూడియో గోడల మధ్య కాక, నిజమైన పల్లెలో తియ్యాలని ఆయన నిశ్చయించుకున్నారు.

ఆయన కూర్చుకున్న జట్టు కూడా అలాంటిదే. ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్రకు అప్పటికి ఇరవై ఒక్క సంవత్సరాలు. ఆయన అంతకు ముందు సినిమా కెమేరా పట్టి ఎరగడు. సినిమాలో కనబడే ఇళ్ళూ, గదులూ, వస్తువులూ కథకు తగినట్టుగా సిద్ధం చేసేవారిని కళాదర్శకులంటారు. ఆ పని బంసీ చంద్రగుప్తది. ఫ్రెంచి దర్శకుడు జాఁ రెన్వార్ "ది రివర్" అనే సినిమా తీయటానికి కలకత్తా వచ్చినప్పుడు ఆయన దానిలో పని చేసి కొంత అనుభవం సంపాదించాడు.

ఇక ఊరి కోసం వెతుకులాట. కలకత్తాకు దక్షిణాన బోరాల్ అనే పల్లె ఉన్నది. అక్కడ చెరువున్నది, వెదురు పొదలున్నాయి, పాత గుడులున్నాయి. అన్నిటినీ మించి, హరిహరుడి ఇంటికి సరిపోయే పాడుపడ్డ ఇల్లొకటి దొరికింది. దాని యజమాని కలకత్తాలో ఉండేవాడు. నెలకు 50 రూపాయల అద్దెకు ఇల్లు కుదిరింది.

పాడుపడ్డ ఇల్లు దొరికింది గనక ఇక పని లేదనుకుంటున్నారా? అసలు పని అక్కడే మొదలయింది. ఆ ఇంటిని సినిమాకు పనికివచ్చేలా చేయటానికి దాదాపు ఒక నెల పట్టింది. మనుషులు విడిచిపెట్టిన ఇల్లు వేరు, డబ్బు లేక బాగు చేయించుకోలేని మనుషులు కాపురం ఉంటున్న ఇల్లు వేరు. మొదటి దానిలో బూజు ఉంటుంది, పిచ్చి మొక్కలుంటాయి. రెండవ దానిలో గోడ కూలినా పొయ్యి దగ్గర అలికి ఉంటుంది, వాకిలి ఊడ్చి ఉంటుంది, దండెం మీద ఉతికిన గుడ్డ ఆరుతూ ఉంటుంది. పేదతనం అంటే మురికి కాదు. చూసేవారికి ఈ తేడా ఎవరూ చెప్పరు. కాని ఇల్లు చూడగానే, "పాపం, ఈ తల్లి ఎంత కష్టపడి సంసారం నెట్టుకొస్తున్నదో!" అనిపించాలి. ఆ మాటను గోడలే చెప్పాలి.

ఆ ఇంట్లో ఒక పక్కన వరసగా కొన్ని గదులున్నాయి. మీరు సినిమా ఎన్ని సార్లు చూసినా అవి మీకు కనబడవు. సామానంతా వాటిలోనే పెట్టారు. ఒక గదిలో శబ్దం రికార్డు చేసే ఆయన తన యంత్రంతో కూర్చునేవాడు. ఒకనాడు బయట నటన పూర్తి అయింది. "శబ్దం సరిగా వచ్చిందా?" అని బయటి నుంచి కేక వేశారు. జవాబు లేదు. మళ్ళీ కేక వేశారు. ఏమయిందా అని పోయి చూస్తే ఆయన ముఖం పాలిపోయి ఉన్నది. ఆ గదిలోకి పెద్ద పాము వచ్చింది! అది చాలాకాలంగా ఆ ఇంటిని అంటిపెట్టుకుని ఉన్న పామనీ, దానిని చంపరాదనీ ఊరివాళ్ళు చెప్పారు. సినిమా వాళ్ళు పామును పోనిచ్చి తమ పని తాము చేసుకున్నారు.

అన్నట్టు, ఈ సినిమాలో మొట్టమొదట తీసినది ఈ ఇంటిని కాదు. బోరాల్‌లో రెల్లు మైదానమూ లేదు, పక్కనే రైలుకట్టా లేదు. అక్కా తమ్ముళ్ళు రైలు చూడబోయే ఘట్టం కోసం రాయ్ గారు బర్ధమాన్ వైపు పాల్సిట్ అనే చోటుకు పోయారు. అది కలకత్తాకు ఎనభై కిలోమీటర్లకు పైగా దూరం. 1952 అక్టోబరు 27న అక్కడ తొలిసారి కెమేరా తిరిగింది.

రెల్లు మీకు కొత్త కాదు. గోదావరి, కృష్ణ లంకల్లో, కాలవ గట్ల మీద చూసే ఉంటారు. అది చెరుకుకు దగ్గర చుట్టం. కోయంబత్తూరులో శాస్త్రజ్ఞులు చెరుకును రెల్లుతో సంకరం చేసి గట్టి వంగడాలు తయారు చేశారు. వానలు వెనకబట్టి ఆకాశం తేటపడగానే రెల్లు తెల్లగా పూస్తుంది. పట్టులాంటి ఆ తెల్లని నూగు విత్తనాలను గాలిలో ఎగరేసుకుపోతుంది. కొద్ది వారాలలో మైదానం మళ్ళీ వట్టి గడ్డి అయిపోతుంది.

రాయ్ గారికి ఉద్యోగం ఉన్నది గనక సెలవు దినాలలోనే షూటింగ్ పెట్టుకున్నారు. మొదటి రోజున ఆ ఘట్టంలో కొంత తీసి, మిగిలినది వచ్చే ఆదివారం తీద్దామని వెళ్ళిపోయారు. వారం తిరిగి వచ్చేసరికి ఆ చోటే గుర్తు పట్టరాకుండా ఉన్నది. పూలు లేవు! మధ్యలో పశువులు వచ్చి రెల్లు మేసిపోయాయి.

ఇప్పుడేం చెయ్యాలి? మరో పొలానికి పోవచ్చు, కాని మొదట తీసిన దానితో అది అతకదు. కాగితపు పూలు గుచ్చవచ్చు, కాని గాలి వీస్తే రెల్లు అల లాగా వంగుతుంది, కాగితం వంగదు. అందుచేత వాళ్ళు మరుసటి సంవత్సరం రెల్లు పూసేదాకా ఆగారు. భూమిలో దుంపవేరు ఉన్నంతకాలం రెల్లు పోదు, పశువులు మేసినా మళ్ళీ మొలుస్తుంది. అలాగే మొలిచింది, పూసింది. అప్పుడు మిగిలిన ఘట్టం తీశారు.

రైలుకు కూడా ఇంత ఆలోచన పెట్టారు. ఒకే రైలును మళ్ళీ మళ్ళీ వెనక్కు నడిపించటం సాధ్యం కాదు కదా! టైము పట్టిక చూసుకుని, ఆ దారిని పోయే మూడు రైళ్ళను తీసి ఒక్క రైలుగా అతికారు. తెల్లని పూల వెనక నల్లని పొగ కనబడితేనే ఆ దృశ్యం నిండుగా ఉంటుంది. ఇంజను పొగ నల్లగా రావాలంటే సరిగ్గా ఆ సమయంలో బాయిలరులో బొగ్గు వెయ్యాలి. అందుకని జట్టులోని ఒకాయన ముందు స్టేషనులోనే ఇంజను ఎక్కి, ఆ చోటు రాగానే బొగ్గు వేయించాడు!

ఇక్కడ ఒక విశేషం గమనించండి. నవలలో దుర్గ రైలు చూడకుండానే కన్నుమూస్తుంది. సినిమాలో అక్కా తమ్ముళ్ళు తీగలు మోసే స్తంభానికి చెవి ఆనించి రొద వింటారు, రెల్లులో దారి చేసుకుంటూ పరుగెత్తుతారు. సినిమా చూస్తున్నప్పుడు మనం బోరాల్ ఇంటి వెనక నుంచి రెల్లులోకి నాలుగడుగులలో వచ్చేస్తాం. ఆ నాలుగడుగుల మధ్య ఎన్ని కిలోమీటర్లున్నాయో మన కంటికి తెలియదు.

డబ్బు లేక ఈ సినిమా నడుమ చాలాకాలం ఆగిపోయింది. రాయ్ గారు జీవిత బీమా తాకట్టు పెట్టారు, తన పుస్తకాలు అమ్మారు, ఆయన భార్య నగలు తాకట్టుకు వెళ్ళాయి. అదీ చాలలేదు. చివరకు పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం డబ్బు పెట్టింది. గోడలైతే కదలకుండా ఆగుతాయి. పిల్లలు ఆగరు. అపు వేషం వేసిన సుబీర్ గొంతు మారితే? దుర్గ వేషం వేసిన ఉమ పొడవు పెరిగిపోతే? ఇందిర్ అత్తగా నటించిన చునీబాలా దేవికి ఎనభై ఏళ్ళ వయసు. ఆవిడకు ఏమయినా అయితే? ఈ మూడూ జరగకపోవటం అదృష్టమే.

అన్నీ అలా కలిసిరాలేదు. కథలో భూలో అనే కుక్క ఉన్నది. తల్లి అపుకు అన్నం తినిపించటం, మిగిలిన అన్నం కుక్కకు వేయటం—ఇందులో సగం తీసేసరికి ఒకసారి డబ్బు అయిపోయింది. నెలల తరవాత వచ్చి చూస్తే కుక్క లేదు, చచ్చిపోయింది. అచ్చం అలాంటి కుక్కనే మరొక దానిని వెతికి మిగతా సగం తీశారు. మిఠాయి అమ్మేవాడి వేషం వేసిన మనిషి కూడా నడుమనే పోయాడు. అదే ఒడ్డూ పొడుగూ గల మరొకణ్ణి తెచ్చి, ముఖం కనబడకుండా వెనక నుంచి చూపించారు. చూసినవారు పోల్చుకోలేకపోయారు.

వాన సంగతీ అంతే. దుర్గ వానలో తడిసే ఘట్టం ఒకటున్నది. డబ్బు చేతికి వచ్చేసరికి వానాకాలం కాస్తా దాటిపోయింది. పిల్లలను వెంటబెట్టుకుని, మబ్బు పడుతుందా అని రోజుల తరబడి ఆకాశం వంక చూస్తూ కూర్చున్నారు. ఒకనాడు నిజంగానే కుంభవృష్టి కురిసింది. అక్కా తమ్ముళ్ళు చెట్టు కింద గజగజ వణకటం నటన కాదు! అయిపోగానే వాళ్ళకు వేడి వేడి పాలు తాగించారు.

అయితే ప్రతిదీ బయటనే తియ్యటం సాధ్యమా? కాదు. ఆనాటి ఫిలిం మీద బొమ్మ పడాలంటే చాలా వెలుతురు కావాలి. అందుచేత రాత్రి ఘట్టాలు స్టూడియోలోనే తీశారు. పగలు అపు బోరాల్ ఇంట్లో ఉంటాడు, చీకటి పడేసరికి కలకత్తా స్టూడియోలో ఉంటాడు! పగటి ఇంటికీ రాత్రి ఇంటికీ తేడా కనబడితే కథ చెడిపోతుంది. బంసీ చంద్రగుప్త అలా కనబడనివ్వలేదు.

తరవాతి కథను రాయ్ గారు 1956లో "అపరాజితో" అనే పేరుతో తీశారు. అందులో అపు కుటుంబం కాశీకి వస్తుంది. గంగ ఒడ్డు, ఘాట్లు కాశీలోనే తీశారు. కాశీ ఇళ్ళలో నడుమ నాలుగు పక్కలా గోడల మధ్య తెరపి వాకిలి ఉంటుంది. అటువంటి ఇంటిని ఆరుబయట కట్టాలని బంసీ చంద్రగుప్త మొదట అనుకున్నాడు. వానల భయం వల్ల కలకత్తా స్టూడియోలో కట్టవలసి వచ్చింది. అప్పుడు సుబ్రత మిత్రకు చిక్కు వచ్చి పడింది. నిజమైన వాకిలిలోకి వెలుతురు సూర్యుడి నుంచి సూటిగా రాదు. పైన కనబడే ఆకాశమంతా కలిసి పంపించే మెత్తని వెలుతురు అది. దానిలో నీడలు గట్టిగా పడవు. స్టూడియో దీపాలేమో సూటిగా పడి, ఒక్కొక్క మనిషికి రెండు మూడు నల్లని నీడలు కల్పిస్తాయి. అది చూడగానే సెట్టు అని తెలిసిపోతుంది.

ఆయన ఏం చేశాడంటే, వాకిలి పైన ఆకాశం ఉండవలసిన చోట తెల్లని గుడ్డ పరిచి కట్టించాడు. దీపాలను మనుషుల మీదికి కాక, ఆ గుడ్డ మీదికి తిప్పాడు. గుడ్డ మీద పడిన వెలుతురు చెదిరి, అన్ని వైపుల నుంచీ మెత్తగా కిందికి దిగింది. గుడ్డే ఆకాశమయింది!

మీరు ఇంట్లో దీనిని చేసి చూడవచ్చు. రాత్రి గదిలో దీపాలన్నీ ఆర్పి, టార్చి లైటు వెలుతురు మీ చేతి మీద సూటిగా వెయ్యండి. గోడ మీద చేతి నీడ కత్తిరించినట్టు పడుతుంది. తరవాత టార్చిని తెల్లని దుప్పటి మీదికి తిప్పి, ఆ దుప్పటి వెలుతురులో చెయ్యి పెట్టండి. నీడ అంచులు కరిగిపోయినట్టుగా ఉంటాయి. వీలయితే అమ్మనూ నాన్ననూ పిలిచి చూపించండి.

"పథేర్ పాంచాలి" 1955 మే 3న అమెరికాలో, న్యూయార్కు నగరపు ఆధునిక కళల మ్యూజియంలో మొదట చూపబడింది. అదే సంవత్సరం ఆగస్టులో కలకత్తాలో విడుదల అయింది. 1956లో ఫ్రాన్సులో జరిగిన కాన్ చిత్రోత్సవంలో దానికి బహుమానం వచ్చింది. బెంగాలు పల్లె ఎలా ఉంటుందో ఎరగని జనం కూడా నిశ్చిందిపురాన్ని తమ ఊరులా గుర్తు పట్టారు.

ఇప్పుడు బోరాల్ పోతే మీకేం కనబడుతుంది? అది కలకత్తా—నేటి కోల్‌కతా—నగరపు అంచులో కలిసిపోయింది. రైళ్ళకు బొగ్గు ఇంజనులు పోయి కరెంటు ఇంజనులు వచ్చాయి. ఆ పాత పల్లె ఫిలిం మీద తప్ప మరెక్కడా లేదు. ఆ ఫిలిం కూడా ఒకసారి ఆపదలో పడింది. 1993లో లండనులోని ఒక ఫిలిం లాబొరేటరీలో అగ్నిప్రమాదం జరిగి, అక్కడ ఉన్న అసలు నెగటివులు కాలిపోయాయి. మాడి పెళుసెక్కిన ఆ చుట్టలను ఎవరూ పారెయ్యలేదు. చాలా ఏళ్ళ తరవాత ఇటలీలోని బొలోన్యా నగరంలో నిపుణులు వాటిని మళ్ళీ మెత్తబరచి, చేతులతో అంగుళం అంగుళం బాగు చేశారు. దానికి దాదాపు వెయ్యి గంటలు పట్టింది. పనికిరాకుండా పోయిన చోట ఇతర ప్రతుల నుంచి తీసి అతికారు. 2015లో ఆ రెల్లు మైదానం మళ్ళీ తెర మీద తెల్లగా ఊగింది.

బళ్ళో ఏళ్ళ తరబడి పాఠాలు చెప్పినవాణ్ణి గనక, మీకు ఇంటి పని ఇవ్వకుండా ఈ వ్యాసం ముగించలేను. కల్పించిన ఊరు నిజమని నమ్మించాలంటే నిజాన్ని బాగా ఎరిగి ఉండాలి. రెల్లు ఏ నెలలో పూస్తుంది, పేద ఇల్లాలు వాకిలిని ఎలా ఉంచుకుంటుంది, వాకిలిలో నీడ ఎలా పడుతుంది అన్నది చూసినవారే నిశ్చిందిపురం కట్టగలిగారు. ఇంకొక యాభై ఏళ్ళకు ఎవరో మీ వీధిని గురించి కథ రాస్తారనీ, దానిని సినిమాగా తియ్యబోతారనీ అనుకోండి. అప్పటికి మీ వీధి ఇలా ఉండదు. వాళ్ళు తెల్లజుట్టు వచ్చిన మీ దగ్గరికి వచ్చి అడుగుతారు: ఉదయం పూట వీధిలో మొదట వినబడే కేక ఎవరిది? మూల మీద ఉన్న చెట్టు ఏది, అది ఏ నెలలో పూస్తుంది? సాయంత్రం ఎండ ఎవరి గోడ మీద చివరిదాకా ఉంటుంది?

ఇవాళ సాయంత్రం ఒక కాగితమూ పెన్సిలూ తీసుకుని వీధి అరుగు మీద కూర్చుని, ఈ మూడు ప్రశ్నలకూ జవాబులు రాయండి. తెలియనివి ఇంట్లో పెద్దవాళ్ళను అడగండి. రాసిన కాగితాన్ని జాగ్రత్తగా దాచుకోండి.